మతిస్థిమితం, రుజువు భారం, కొండగట్టు సాక్ష్యం : నేరన్యాయంలో ఉన్మాద మినహాయింపుపై విమర్శనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:

మతిస్థిమితం లేని స్థితిలో చేసిన పని నేరం కాదన్న సూత్రం భారత శిక్షాస్మృతి 84వ సెక్షన్‌గా 1860 నుంచి ఉన్నది. 2024 జూలై 1 నుంచి అది భారతీయ న్యాయ సంహిత 22వ సెక్షన్‌గా అమలవుతున్నది. ఈ సూత్రంపై చర్చ ప్రధానంగా నిర్వచనం చుట్టూ, సంచలన కేసుల చుట్టూ సాగింది. గ్రామీణ నిందితుడికి అసలు చిక్కు నిర్వచనం దగ్గర కాక సాక్ష్యం దగ్గర ఎదురవుతుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తున్నది. ఉత్తర తెలంగాణలో మతి తప్పిన మనిషిని కుటుంబం తొలుత తీసుకుపోయే చోటు చాలాసార్లు కొండగట్టు ఆంజనేయస్వామి క్షేత్రం. అక్కడి బస వైద్యపత్రాన్ని మిగల్చదు. అయినా నేరానికి పూర్వపు ప్రవర్తనకు అది సాక్ష్యం కాగలదని, 1964లో జస్టిస్ కోకా సుబ్బారావు నిర్ధారించిన సూత్రాలు అందుకు చోటిస్తున్నాయని నిరూపించడం ఈ వ్యాసం లక్ష్యం.

కీలకపదాలు: మతిస్థిమితరాహిత్యం, 84వ సెక్షన్, రుజువు భారం, సహేతుక సందేహం, కొండగట్టు, శిగం, నమ్మకం, భ్రమ.

1. ప్రవేశిక:

జగిత్యాల జిల్లా మల్యాల మండలం ముత్యంపేట పరిధిలోని కొండగట్టు ఆంజనేయ క్షేత్రానికి ఉత్తర తెలంగాణ ప్రజల మనస్సులో ఒక ప్రత్యేకస్థానం ఉంది. జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల ప్రాంతాలలో ఎవరైనా నిద్రాహారాలు మాని, తనలో తాను మాట్లాడుకుంటూ, అయినవారిని గుర్తుపట్టకుండా తిరుగుతుంటే ‘గాలి సోకింది’, ‘మతి తప్పింది’ అంటారు. ఆ మనిషిని అంజన్న సన్నిధికి తెచ్చి కొన్ని రోజులు అక్కడే ఉంచుతారు. స్వామి సన్నిధిలో నిద్రచేస్తే మనసు కుదుటపడుతుందని విశ్వాసం.

అదే మనిషి చేతిలో తరువాత ఒక హత్య జరిగిందనుకుంటే, న్యాయస్థానం వేసే ప్రశ్న వేరుగా ఉంటుంది. ఆ పని చేసిన క్షణంలో తాను ఏం చేస్తున్నాడో, అది తప్పో చట్టవిరుద్ధమో తెలుసుకోగల శక్తి అతనికి ఉన్నదా అని న్యాయస్థానం అడుగుతుంది. జవాబుగా వైద్యుడి చీటీ, ఆసుపత్రి రికార్డు, నిపుణుడి వాంగ్మూలం ఆశిస్తుంది. కుటుంబం దగ్గర ఉన్నది కొండగట్టులో గడిపిన రోజుల జ్ఞాపకం మాత్రమే. ఈ రెండింటి నడుమ ఉన్న ఎడమే ఈ పరిశీలనకు వస్తువు.

2. సూత్రం, దాని పరిమితులు:

1843 జనవరిలో డానియల్ మెక్‌నాటన్ అనే వ్యక్తి బ్రిటిష్ ప్రధాని రాబర్ట్ పీల్ కార్యదర్శి ఎడ్వర్డ్ డ్రమ్మండ్‌ను కాల్చాడు. తనను అధికారపక్షం వేటాడుతున్నదని అతని భ్రమ. జ్యూరీ అతన్ని నిర్దోషిగా తేల్చడంతో కలకలం రేగింది. ప్రభువుల సభ న్యాయమూర్తులను వివరణ కోరింది. వారిచ్చిన సమాధానాలే మెక్‌నాటన్ సూత్రాలయ్యాయి. పదిహేడేళ్ల తరువాత వచ్చిన 84వ సెక్షన్ సారం కూడా అదే. మతిస్థిమితం లేనందువల్ల తన చర్య స్వభావాన్ని గాని, అది తప్పు లేదా చట్టవిరుద్ధమన్న సంగతిని గాని తెలుసుకోలేని వ్యక్తి చేసినది నేరం కాదు.

ఈ సూత్రానికి కేంద్రం జ్ఞానశక్తి. ఆవేశం, ఉద్రేకం, అణచుకోలేని ప్రేరణ దీని పరిధిలోకి రావు. వ్యాధి ఉన్నంత మాత్రాన మినహాయింపు లభించదనీ, వైద్యపరమైన ఉన్మాదం వేరు, చట్టపరమైన ఉన్మాదం వేరనీ సుప్రీంకోర్టు సురేంద్ర మిశ్రా కేసు (2011)తో సహా పలు తీర్పులలో చెప్పింది. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం కూడా మరోవైపు నుంచి ఈ భేదాన్నే గుర్తించింది. మానసిక వ్యాధి నిర్ధారణ అయినంతనే ఆ వ్యక్తిని మతిస్థిమితం లేనివాడిగా భావించరాదని, ఆ మాట చెప్పవలసింది న్యాయస్థానమేనని దాని 3వ సెక్షన్ అంటున్నది.

2023లో న్యాయ సంహిత తొలి ముసాయిదా ‘మానసిక వ్యాధి’ అన్న పదాన్ని స్వీకరించింది. 2017 చట్టం నిర్వచనంలో మద్యం, మాదకద్రవ్యాల వల్ల కలిగే స్థితులు కూడా చేరి ఉండడంతో ఆ పదం మరీ విశాలమవుతుందన్న అభ్యంతరం వచ్చింది. తుది చట్టంలో పాత పదమే నిలిచింది. నూట అరవై ఏళ్ల మనోవైద్య శాస్త్ర పరిణామం ఈ నిబంధనను తాకలేదన్న విమర్శ ఇప్పటికీ ఉంది. ఆ విమర్శలో న్యాయం ఉన్నది. అయితే నిర్వచనాన్ని ఎంత సవరించినా, నిందితుడి పూర్వస్థితిని చూపే సాక్ష్యం కోర్టుకు చేరనంతవరకు ఆ సవరణ వల్ల అతనికి ఒరిగేది తక్కువ.

సంచలన విచారణలు ఈ చర్చను మరింత పక్కదారి పట్టించాయి. 1981లో అమెరికా అధ్యక్షుడు రీగన్‌పై కాల్పులు జరిపిన జాన్ హింక్లీని 1982లో జ్యూరీ ఉన్మాద కారణంగా నిర్దోషిగా తేల్చింది. ప్రజాగ్రహం ఫలితంగా 1984లో అమెరికా కాంగ్రెస్ ఈ రక్షణను కుదించింది. 1991లో ప్రచురితమైన ఎనిమిది రాష్ట్రాల అధ్యయనం మాత్రం ఈ వాదన సుమారు ఒక శాతం కేసులలోనే వినిపిస్తుందని, అందులోనూ నాలుగోవంతు మాత్రమే నెగ్గుతుందని తేల్చింది. ‘పిచ్చి నటిస్తే తప్పించుకోవచ్చు’ అన్న లోకాభిప్రాయానికీ వాస్తవానికీ మధ్య దూరం ఎంతో దీన్నిబట్టి తెలుస్తుంది.

3. కోకా సుబ్బారావు తీర్పు:

రాజమహేంద్రవరంలో జన్మించి, 1954లో ఆంధ్ర హైకోర్టు తొలి ప్రధాన న్యాయమూర్తియై, అనంతరం భారత ప్రధాన న్యాయమూర్తి పదవిని అలంకరించిన కోకా సుబ్బారావును సాధారణంగా గోలక్‌నాథ్ తీర్పు (1967)తో స్మరిస్తారు. నేరన్యాయంలో రుజువు భారం గురించి ఆయన చేసిన ఆలోచన అంతకంటే తక్కువ విలువైనది కాదు. దేశమంతా చెప్పుకున్న నానావతి కేసు (1961)లోనూ, దహ్యాభాయ్ ఠక్కర్ కేసు (1964)లోనూ తీర్పు రాసినది ఆయనే.

భార్యను హత్యచేసిన నిందితుడు మతిస్థిమితరాహిత్యాన్ని పేర్కొన్న కేసు రెండవది. సాక్ష్యచట్టం 105వ సెక్షన్ ప్రకారం మినహాయింపు కోరేవాడే దానిని రుజువు చేయాలి. భారతీయ సాక్ష్య అధినియమంలో ఇది 108వ సెక్షన్. అయితే నేరాన్ని సందేహాతీతంగా రుజువుచేయవలసిన బాధ్యత అభియోగపక్షానిదే. ఈ రెండింటికీ పొత్తు ఎట్లా కుదురుతుందన్నది ప్రశ్న. సుబ్బారావు మూడు మెట్లలో సమాధానమిచ్చారు.

మొదటిది, నేరమనస్సుతో సహా నేరాన్ని రుజువు చేసే భారం విచారణ ఆది నుంచి అంతం వరకు అభియోగపక్షం మీదే ఉంటుంది. రెండవది, నిందితుడు స్థిరచిత్తుడేనన్న భావనతో కోర్టు మొదలుపెడుతుంది గాని అది ఖండించదగిన భావన. నిందితుడు దానిని తొలగించడానికి సివిల్ వ్యాజ్యంలో కక్షిదారు చూపవలసినంత రుజువు చాలు. మూడవది, ఆ మేరకు కూడా రుజువు చేయలేకపోయినా, అతడు చూపిన ఆధారాలు నేరమనస్సు ఉన్నదా అన్న విషయంలో సహేతుక సందేహాన్ని కలిగిస్తే, అభియోగపక్షం తన భారాన్ని నెరవేర్చలేదన్న కారణంతో అతన్ని విడుదల చేయవచ్చు.

ఈ మూడో మెట్టు పేదవాడి పక్షాన నిలిచే సూత్రం. ఉన్మాదాన్ని పూర్తిగా నిరూపించలేని నిందితుడు కూడా సందేహాన్ని కలిగించగలడు. దానికి నిపుణుడే కావాలని సూత్రం అనలేదు. నేరానికి ముందు, నేర సమయంలో, నేరం తరువాత నిందితుడి స్థితిని చూపే పరిస్థితులన్నీ పరిశీలనార్హాలే.

ఇంతటి సూత్రాన్ని చెప్పిన తీర్పే ఆ కేసులో నిందితుడికి ఉపశమనం ఇవ్వలేదన్నది గమనించవలసిన విషయం. అతన్ని ఉన్మాదిగా వర్ణించిన బంధువులు తొలుత పోలీసుల ముందు ఆ మాట చెప్పలేదని, కోర్టులో మాట మార్చారని న్యాయస్థానం వారిని విశ్వసించలేదు. అంటే మౌఖిక సాక్ష్యం అయినందుకు అది తిరస్కృతం కాలేదు. నేరం తరువాత పుట్టినందుకు తిరస్కృతమైంది. కొండగట్టు బస వంటి సాక్ష్యం విలువను అంచనా వేయడానికి ఈ భేదమే ఆధారం.

4. రికార్డు ఉన్నవారు, లేనివారు:

ఈ సూత్రాన్ని అన్వయించి సుప్రీంకోర్టు నిందితులకు ఉపశమనమిచ్చిన కేసులున్నాయి. శ్రీకాంత్ ఆనందరావు భోసలే కేసు (2002)లో భార్యను చంపిన ఒక పోలీస్ కానిస్టేబుల్‌కు మినహాయింపు లభించింది. అతనికి వంశపారంపర్యంగా మానసిక వ్యాధి చరిత్ర ఉంది. పూర్వం చికిత్స పొందాడు, అరెస్టు తరువాత కూడా జైలు నుంచి పలుమార్లు ఆసుపత్రికి తీసుకుపోవలసి వచ్చింది. ఈ వరుసను చూసి కోర్టు నేర సమయంలోని స్థితిని ఊహించింది. దేవిదాస్ లోకా రాథోడ్ కేసు (2018)లోనూ సందేహ ప్రయోజనం నిందితుడికే దక్కింది.

కానిస్టేబుల్‌కు ఆసుపత్రి రికార్డు ఉండడం సహజం. బీడీలు చుట్టే స్త్రీకి, మరమగ్గం మీద పనిచేసే కార్మికుడికి, కౌలురైతుకు ఆ అవకాశం ఎంత? నిమ్‌హాన్స్ నిర్వహించిన 2015-16 జాతీయ మానసిక ఆరోగ్య సర్వే ప్రకారం వివిధ మానసిక వ్యాధులకు చికిత్స అందనివారు 70 నుంచి 92 శాతం దాకా ఉన్నారు. సర్వే జరిగిన 12 రాష్ట్రాలలో తెలంగాణ గాని, ఆంధ్రప్రదేశ్ గాని లేవు. చికిత్సే అందనివారి దగ్గర చికిత్సాపత్రం కోరడం నిష్పక్షపాతంగా కనిపించే అసమానత.

ఇందులో భాషాసంబంధమైన కారణం కూడా ఉంది. తెలంగాణలో హైదరాబాద్ ఎర్రగడ్డ మానసిక చికిత్సాలయం పేరు తిట్టుగా మారింది. ఒకరిని ‘ఎర్రగడ్డకు పంపాలె’ అనడం అవమానం. ‘కొండగట్టుకు తీసుకపోయినం’ అనడంలో ఆ అవమానం లేదు. పెళ్లి కావలసిన ఆడపిల్లలున్న ఇల్లు ఏ మాటను ఎంచుకుంటుందో వేరుగా చెప్పనక్కరలేదు. అందువల్ల ఆసుపత్రి రికార్డు లేకపోవడాన్ని వ్యాధి లేకపోవడంగా చదవడం పొరపాటు.

5. కొండగట్టు బస : సాక్ష్యంగా దాని స్వరూపం:

ఆధ్యాత్మిక క్షేత్రాలను న్యాయవ్యవస్థ ఇంతవరకు హక్కుల ఉల్లంఘన కోణంలోనే ఎక్కువగా చూసింది. 2001 ఆగస్టు 6న తమిళనాడులోని ఏర్వాడిలో గొలుసులతో బంధించిన 28 మంది మానసిక రోగులు అగ్నికి ఆహుతి కావడం అందుకు బలమైన కారణం. 2017 చట్టం గొలుసులతో బంధించడాన్ని పూర్తిగా నిషేధించింది. ఈ దృష్టి అవసరమైనదే. దానివల్ల మరో కోణం మరుగునపడింది. ఇటువంటి క్షేత్రానికి ఎవరు వస్తారు, ఏ లక్షణాలు చూసి కుటుంబం తీసుకువస్తుందన్న ప్రశ్నకు సాక్ష్యపరమైన విలువ ఉన్నది.

తమిళనాడులోని ముత్తుస్వామి ఆలయంలో బస చేసిన 31 మందిని పరిశీలించి రఘురామ్, సహపరిశోధకులు 2002లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో ఒక అధ్యయనం ప్రచురించారు. వారంతా తీవ్రమైన మానసిక వ్యాధులు ఉన్నవారేనని, బస అనంతరం లక్షణాల తీవ్రతాసూచిక దాదాపు 20 శాతం తగ్గిందని అది తెలిపింది. ఆలయం వ్యాధిని నయం చేస్తుందని దీనివల్ల రుజువు కాదు. కుటుంబాలు ఊరికే అక్కడికి రావన్న సంగతి మాత్రం స్పష్టమవుతుంది.

స్థానిక సమాజానికి తనదైన వివేచన ఉంది. జాతరలో శివసత్తులు శిగం ఊగుతారు. దానిని ఎవరూ పిచ్చి అనరు. శిగానికి ఒక సందర్భం, ఒక స్థలం, ఒక ఆరంభం, ఒక ముగింపు ఉంటాయి. డప్పు ఆగిన తరువాత ఆ మనిషి మళ్లీ ఇంటిపనిలో పడుతుంది. సందర్భం లేకుండా, ముగింపు లేకుండా, ఇల్లూ వాకిలీ పట్టకుండా సాగే స్థితినే ఆ సమాజం ‘మతి తప్పడం’ అంటుంది. పూనకాలకు, మొక్కులకు అలవాటుపడిన కుటుంబమే ఒక మనిషిని చూసి ‘ఇది మామూలుది కాదు’ అని నిర్ణయించి పనులు మానుకుని కొండగట్టులో రోజుల తరబడి ఉండడం ఒక సామాజిక నిర్ధారణ. ఆ మనిషి ప్రవర్తన సమాజం ఆమోదించిన నమ్మకాల హద్దు దాటిందని చెప్పేది ఆ సమాజమే.

ఈ సాక్ష్యాన్ని కోర్టు భాషలోకి మార్చడం న్యాయవాది పని. ‘దయ్యం పట్టింది’ అన్నది సాక్షి అభిప్రాయం. అది కోర్టులో నిలవదు. ‘మూడు రాత్రులు నిద్రపోలేదు, అన్నంలో విషం కలిపారని కంచం విసిరేశాడు, సొంత బిడ్డను గుర్తుపట్టలేదు’ అన్నవి సాక్షి కళ్లారా చూసిన సంగతులు. ఎప్పుడు వచ్చారు, ఎన్ని రోజులున్నారు, వెంట ఎవరున్నారు, పక్కన బస చేసినవారు ఏం చూశారు అన్న ప్రశ్నలకు జవాబులు రాబట్టగలిగితే అది నేరానికి పూర్వపు, కుటుంబేతరులు కూడా బలపరచగల సాక్ష్యమవుతుంది. దహ్యాభాయ్ కేసులో బంధువుల మాటకు లేని బలం దీనికి ఉంటుంది.

దర్యాప్తు అధికారికీ ఇందులో బాధ్యత ఉంది. నిందితుడికి పూర్వ ఉన్మాద చరిత్ర ఉన్నట్లు దర్యాప్తులో తెలిస్తే వెంటనే వైద్యపరీక్ష చేయించి ఆ ఆధారాన్ని కోర్టు ముందుంచడం నిజాయితీగల దర్యాప్తు అధికారి విధి అని, అట్లా చేయకపోతే అభియోగపక్షం వాదన బలహీనపడుతుందని బాపు అలియాస్ గుజ్‌రాజ్ సింగ్ కేసు (2007)లో సుప్రీంకోర్టు పేర్కొన్నది. ‘అంతకుముందు కొండగట్టుకు తీసుకపోయినం’ అన్న తల్లి మాటను పూర్వచరిత్రకు సూచనగా గుర్తిస్తేనే ఈ విధి ఉత్తర తెలంగాణలో అర్థవంతమవుతుంది.

6. నమ్మకమా? భ్రమా?

2022 జనవరిలో జగిత్యాల పట్టణంలో మంత్రాలు చేస్తున్నారన్న అనుమానంతో ఒక తండ్రిని, ఇద్దరు కొడుకులను హత్యచేశారు. 2021 జనవరిలో మదనపల్లెలో విద్యావంతులైన తల్లిదండ్రుల చేతిలో ఇద్దరు యువతులు మరణించారు. వారు తిరిగి బతుకుతారని ఆ తల్లిదండ్రులు చెప్పినట్లు వార్తలు వచ్చాయి. తరువాత వారిని విశాఖపట్నం మానసిక చికిత్సాలయానికి తరలించారు. టెలివిజన్ చర్చలు రెండింటినీ ‘మూఢనమ్మకం’ అన్న ఒకే గంపలో వేశాయి.

చట్టం దృష్టిలో ఈ రెండూ ఒకటి కావు. చేతబడి ఉన్నదన్న నమ్మకం సమాజంలో పలువురు పంచుకునేది. ఆ నమ్మకంతో కక్షగట్టి చంపేవారికి తాము చంపుతున్నామని, చట్టం దానిని శిక్షిస్తుందని తెలుసు. అక్కడ 22వ సెక్షన్‌కు తావులేదు. చనిపోయినవారు తిరిగి లేస్తారన్న దృఢవిశ్వాసం మరణమంటే ఏమిటన్న జ్ఞానాన్నే దెబ్బతీసే అవకాశముంది. అది వ్యాధిలో భాగమని వైద్యపరీక్షలో తేలితే, ‘చర్య స్వభావం’ తెలుసా అన్న ప్రశ్న అక్కడ నిజంగా పుడుతుంది. మనోవైద్యం సైతం ఒక వ్యక్తి సంస్కృతిలో సర్వసాధారణమైన విశ్వాసాన్ని భ్రమగా లెక్కించదు. కాబట్టి ఆ సంస్కృతిలో ఏది సాధారణమో కోర్టుకు తెలియాలి. శిగానికీ మతి తప్పడానికీ స్థానికులు చూపే భేదం ఇక్కడ నిపుణుడి అభిప్రాయానికి తోడ్పడుతుంది.

7. అభ్యంతరాల పరిశీలన:

ఈ వాదనపై మూడు అభ్యంతరాలు రావచ్చు. సంతానం కోసం, ఇంటి కష్టాల కోసం కూడా జనం కొండగట్టుకు వస్తారు కదా అన్నది మొదటిది. నిజమే. అందుకే కేవలం దర్శనం సాక్ష్యం కాదు. ఏ లక్షణాల కారణంగా ఎన్నాళ్లు ఉంచారన్న వివరమే సాక్ష్యం. దొంగ సాక్ష్యాలు పుట్టుకొస్తాయన్నది రెండవది. ఆ ప్రమాదం వైద్యపత్రాలకూ ఉన్నది. అడ్డుప్రశ్నలు ఉన్నవి అందుకే. మూడవది బలమైనది. ఆరు నెలల క్రితపు బస నేరం జరిగిన నిమిషపు మనఃస్థితిని ఎట్లా చెప్పగలదు? ఒంటరిగా చెప్పలేదు. నేరం జరిగిన తీరు, పారిపోయే ప్రయత్నం, ఆయుధం దాచడం, అరెస్టు తరువాతి ప్రవర్తన వంటివాటితో కలిపి చూసినప్పుడే దానికి అర్థం ఏర్పడుతుంది. భోసలే కేసులో వైద్యచరిత్రకు కూడా కోర్టు ఇచ్చిన స్థానం గొలుసులో ఒక కొక్కెం స్థానమే. ఆలయ బసకు అంతకుమించిన గౌరవం ఈ వ్యాసం కోరడం లేదు.

8. నిర్దోషి అయిన తరువాత:

మినహాయింపు లభించినవాడు మరునాడే ఇంటికి పోతాడన్న అపోహను కూడా విమర్శించవలసి ఉన్నది. భారతీయ నాగరిక సురక్షా సంహిత 374వ సెక్షన్ ప్రకారం అట్లాంటి వ్యక్తిని సురక్షిత నిర్బంధంలో ఉంచడమో, తగిన హామీపై బంధువులకు అప్పగించడమో జరుగుతుంది. విచారణకు నోచుకోకముందే జీవితం ముగిసిపోయే ప్రమాదమూ ఉంది. అస్సాంకు చెందిన మచాంగ్ లలుంగ్‌ను 1951లో అరెస్టుచేసి తేజ్‌పూర్ మానసిక చికిత్సాలయానికి పంపారు. 1967లో ఆరోగ్యవంతుడని ధ్రువీకరించారు. అతడు విడుదలైంది 2005లో. 54 ఏళ్లు విచారణ లేకుండానే గడిచాయి.

శిక్ష పడిన తరువాతి స్థితిని మరో తెలుగు న్యాయమూర్తి ఎన్.వి. రమణ పరిశీలించారు. ‘అక్యూజ్డ్ ఎక్స్’ కేసు (2019)లో శిక్ష తరువాత తీవ్ర మానసిక వ్యాధికి గురైన ఖైదీని ఉరితీయరాదని, శిక్ష ఎందుకో అర్థం చేసుకోలేని మనిషిపై దానిని అమలుచేయడంలో ప్రయోజనం లేదని ఆయన రాసిన తీర్పు సారాంశం. సుబ్బారావు నేరక్షణంలోని మనస్సును చూశారు. రమణ శిక్షాక్షణంలోని మనస్సును చూశారు. ఈ రెండింటికీ ముందున్న కాలం, అంటే వ్యాధి మొదలై ఇంటివారు దిక్కులు వెతికే కాలం, న్యాయశాస్త్ర దృష్టికి ఇంకా పూర్తిగా అందలేదు.

9. ముగింపు:

ఈ పరిశీలనలో తేలిన అంశాలు:

• ఉన్మాద మినహాయింపులో గ్రామీణ నిందితుడికి ప్రధాన అవరోధం నిర్వచనం కంటే సాక్ష్యలేమి. ఆ లేమి చికిత్సాలభ్యతలోని అసమానత నుంచి పుట్టినది.

• దహ్యాభాయ్ కేసులో సుబ్బారావు చెప్పిన మూడో సూత్రం ప్రకారం వైద్యపత్రం లేకున్నా పరిస్థితుల ఆధారంగా సహేతుక సందేహం కలిగించవచ్చు.

• కొండగట్టు వంటి క్షేత్రంలో నేరానికి పూర్వం చేసిన బస, దానికి కారణమైన లక్షణాల వివరాలతో కలిసినప్పుడు, పరిగణించదగిన సాక్ష్యం. ఒంటరిగా నిర్ణాయకం కాదు.

• శిగానికీ మతి తప్పడానికీ సమాజం పాటించే భేదం, పంచుకున్న నమ్మకాన్నీ వ్యక్తిగత భ్రమనూ వేరుచేయడానికి కోర్టుకు ఉపకరిస్తుంది.

• గుజరాత్‌లోని ఉనావా మీరా దాతార్ దర్గా దగ్గర 2008 నుంచి ‘దవా-దువా’ పేరుతో ప్రార్థనతోపాటు వైద్యం అందించిన పద్ధతిని కొండగట్టులోనూ ఆలోచించవచ్చు. అట్లా జరిగితే రోగికి చికిత్స లభిస్తుంది, చికిత్స ఉన్నచోట నేరమే నివారణ కావచ్చు. దురదృష్టవశాత్తూ నేరం జరిగినా, ఆ మనిషి కోర్టు ముందు ఆధారం లేనివాడిగా నిలబడడు.

కొండగట్టు మెట్లెక్కే కుటుంబం తన మనిషికి జబ్బు చేసిందని నలుగురి ముందు ఒప్పుకుంటున్నది. ఆ ఒప్పుకోలును మూఢత్వంగా మాత్రమే చదివినంతకాలం 22వ సెక్షన్ ఆసుపత్రి దాకా వెళ్లగలిగినవారికే పనికివచ్చే నిబంధనగా మిగులుతుంది.